గంటల్లో గడ్డి

మ్యూనిక్, 1954 మే 4

అక్క నోట్‌బుర్గాకు,

నువ్వు కుశలమని తలుస్తాను. తిప్పి తిప్పి రాయడం నాకు చేతకాదు కనుక విషయం ముందే చెబుతున్నాను. పాత యజమాని దగ్గర పని మానేశాను. నా సొంత పేరుతో సినిమా తీస్తున్నాను.

పదిహేడేళ్ళప్పుడు రంపం చంకన పెట్టుకుని స్టూడియో గేటు దాటాను. మొదట సెట్లకు చెక్కలు కోశాను. తర్వాత సామాన్ల గది, ఆ తర్వాత ఖర్చుల బల్ల, చివరకు నిర్మాణమంతా నడిపించే పని. ఎవరూ కూర్చోబెట్టి నేర్పలేదు. సాయంత్రం అందరూ వెళ్ళాక బల్లల మీద వదిలేసిన షూటింగు ప్రణాళికలు చదివేవాణ్ణి. మర్నాడు ఏది తప్పుతుందో నాకు ముందే తెలిసేది. ఇరవైకి పైగా సినిమాలు నా చేతుల మీదుగా హాళ్ళకు వెళ్ళాయి. అన్నింటి మీదా వేరేవాళ్ళ పేర్లే.

కథ మన కొండల్లో జరిగేదే. పేరు ‘మేతకొండ మార్గిట్’. పంపిణీ సంస్థ డాక్టర్ ప్యూట్స్ గారిది. పెట్టుబడిలో పెద్ద భాగం ఆయన ముందే ఇస్తారు. అందుకు ఆయన షరతులు: రంగుల్లో తీయాలి, లీజెలోట్టె కథానాయికగా నటించాలి, చివర ఆవుల మంద పూలకిరీటాలతో కొండ దిగాలి. “ఆఖరి రీల్లో ఆవులకి పూలు లేకపోతే మా హాళ్ళవాళ్ళు ఫిల్ము డబ్బా మూత కూడా తియ్యరండీ” అన్నారు.

ఆ మంద మన అన్నది కావాలని నా కోరిక. వేసవి మేత ముగిసి సెప్టెంబరులో మందను కొండ దించే రోజున మేం వచ్చి తీసుకుంటాం. నువ్వే అడుగు. నేను అడిగితే అన్న జవాబివ్వడు. ఈ సినిమా నిలబడితే నేను నిర్మాతను. లేకపోతే మళ్ళీ ఇంకొకరి బల్ల వెతుక్కోవాలి. నా వయసులో ఆ బల్ల కూడా దొరకదు. అయినా ఇది నిలబడుతుంది.

తమ్ముడు కాసియన్

ఇవాళ: వాన. ఆఫీసుకు రెండు కుర్చీలు కొన్నాను. ఒకటి కుంటిది.


ఓబర్‌టాల్, 1954 మే 17

తమ్ముడికి అక్క దీవెనలు.

నీ ఉత్తరం శనివారం చేతికందింది. శనివారం నా బతుకు నీకు తెలియనిదా? మధ్యాహ్నం సత్రంలో భోజనాలు, సాయంత్రం హాల్లో బల్లలు లాగేసి కుర్చీలు వేయడం, రాత్రి సినిమా. అన్నట్టు నిర్మాతగారూ, ఒక మంచి సినిమా అడిగితే మీ పంపిణీవాళ్ళు నాలుగు చెత్త సినిమాలు మెడకు కడుతున్నారు. పోయిన వారం తెర మీద పడవ మునుగుతుంటే హాల్లో సగంమంది నిద్రపోయారు. మిగతా సగం పడవ త్వరగా మునగాలని ప్రార్థించారు.

ఆదివారం పూజయ్యాక గాలుస్ అన్నయ్యను వంటింట్లో కూర్చోబెట్టి, పండు సారా పోసి, సంగతి చెప్పాను.

“నా ఆవుల్ని అడిగాడా సినిమావాడు? వాటికేం వేషం ఇస్తాడట?”

“ఆవు వేషమే అన్నయ్యా.”

“నయం. మరి నాకో?”

“నువ్వు కనబడక్కర్లేదట.”

“అదీ నయమే. ఇరవై నాలుగేళ్ళుగా వాడికి నేను కనబడింది ఎప్పుడు గనక!”

గ్లాసు ఖాళీ చేశాడు. లేచి టోపీ పెట్టుకుంటూ అన్నాడు: “సరే అను. కానీ మంద ఎలా దిగితే అలా తీసుకోవాలి. వాడి యంత్రం కోసం నేను వేరేగా దించను. ఒప్పుకుంటే రమ్మను, లేదంటే లేదు.”

అన్నయ్య నోట ‘సరే’ వచ్చిందంటే చర్చి గంట మోగినట్టే. పువ్వుల సంగతి ఆడవాళ్ళం చూసుకుంటాం. కాగితం పువ్వులకు ఇప్పటినుంచే కూర్చుంటున్నాం. ముందు నడిచే దొరసానికి అద్దం బిళ్ళ కూడా పెడదామని కమ్మరి భార్య అంటోంది. ఆ ఆవుకు అసలే గర్వం. అద్దం కూడా పెడితే ఎవరినీ లెక్కచేయదు.

నీ అక్క బుర్గీ


మ్యూనిక్, 1954 జులై 9

అక్కకు,

అన్న షరతు నాకు సమ్మతమే. మంద ఒక్కసారే దిగుతుంది, మళ్ళీ ఎక్కించి దించమనకూడదు. అంతే కదా. అందుకని దారిలో మూడు వంపుల దగ్గర మూడు కెమెరాలు పెట్టిస్తున్నాను. ఖర్చు ఎక్కువే. కానీ అన్న మాట అన్నకుంటుంది, నా పని నాకవుతుంది.

స్టూడియోలో ఇంటి లోపలి సన్నివేశాలు సాగుతున్నాయి. ఇంతవరకు ఒక్క రోజూ వెనకబడలేదు. దర్శకుడు ఎగ్‌బెర్ట్ హాంబుర్గ్ మనిషి. ఓడలు బాగా తెలుసు. వాన వస్తే ఆవులు ఎక్కడికి వెళ్తాయని నన్ను అడిగాడు. ఎక్కడికీ వెళ్ళవు, తడుస్తాయి అన్నాను. రాసుకున్నాడు. లీజెలోట్టె పాలు పితకడం నేర్చుకుంది. మొదటి రోజు ఆవు ఆమెను తన్నింది, రెండో రోజు ఆమె ఆవును తిట్టింది, మూడో రోజునుంచి స్నేహం.

పోస్టరు పంపుతున్నాను. సినిమా పూర్తి కాకముందే పోస్టరు అచ్చు వేసి హాళ్ళవాళ్ళకు అమ్మడం ఇక్కడి పద్ధతి. దానితో కథ క్లుప్తంగా వేసిన చిన్న పుస్తకం కూడా ఉంది. నీ హాలు గోడకు అంటించుకో. కింద మూలన సన్న అక్షరాల్లో నా పేరు ఉంటుంది. కళ్ళద్దాలు పెట్టుకుని చూడు.

కాసియన్

ఇవాళ: ఎండ. కుంటి కుర్చీకి కాలు వేశాను.


ఓబర్‌టాల్, 1954 ఆగస్టు 15

తమ్ముడికి,

పోస్టరు హాలు తలుపు మీద అంటించాను. నీ పేరు కళ్ళద్దాలు లేకుండానే చదివాను. ఊళ్ళో అందరికీ చూపించాను. ఆ సంతోషం రాయడానికి కూర్చున్నదాన్ని కాదు ఇవాళ.

దొరసాని పోయింది. లారెన్స్ పండుగ నాడు, పదో తేదీన, పైన గాలివాన పట్టుకుంది. పిడుగుకు మంద బెదిరి చెదిరితే, మిగతావాటిని వెనక్కి తిప్పబోయి తనే రాళ్ళ మీద నుంచి జారిందట. అన్నయ్య లోయలోకి దిగి చూసేసరికి ప్రాణం లేదు. దాని మెడలోని పెద్ద గంట విప్పి, తన మెడలో వేసుకుని ఊళ్ళోకి వచ్చాడు. దారి పొడుగునా గంట నాలుకను చేత్తో పట్టుకుని వచ్చాడు, మోగకుండా. మా గుమ్మం ముందునుంచే వెళ్ళాడు. నేను పిలవలేదు.

వేసవిలో ఇంటి మనిషి గానీ, మందలో పశువు గానీ పోతే ఆ ఏడు మంద ఎలా దిగుతుందో మన ఇంట్లో పుట్టినవాడికి చెప్పాలా? పువ్వు ఉండదు, మోగకుండా గంటల్లో గడ్డి కుక్కి దించుతారు. చేసిన పువ్వులన్నీ పెట్టెలో సర్ది తాళం వేశాను. నీకు ఇబ్బందేనని తెలుసు. అయినా అన్నయ్య ముందే అన్నాడు కదా, ఎలా దిగితే అలా అని. నువ్వూ ఒప్పుకున్నావు. అదొక్కటే నాకు ధైర్యం.

బుర్గీ


మ్యూనిక్, 1954 ఆగస్టు 22

అక్కకు,

దొరసాని సంగతి విని బాధపడ్డాను. అన్నకు చెప్పు. బీమాలో ఆవు ధర వచ్చేలా చూస్తాను.

పువ్వులు మాత్రం పెట్టెలోంచి తీయించు. మేం తీసేది సినిమా. ఒక రోజు కిరీటాలు పెట్టి మా కోసం దించి, మర్నాడు అన్న తన పద్ధతిలో దించుకోవచ్చు. దొరసాని బదులు నుదుట అలాంటి మచ్చే ఉన్న ఆవు ఒకటి ఇక్కడ దొరికింది. లారీలో పంపుతాను. తెర మీద ఎవరికీ తేడా తెలియదు. అన్నకు మంద అద్దెగా ఇచ్చేది చాలకపోతే ఎంత కావాలో నేరుగా చెప్పమను.

పూలు లేకపోతే డాక్టర్ ప్యూట్స్ మాట వెనక్కి తీసుకుంటారు. సినిమా సగంలో ఉంది. ఈ సమయంలో నేను ఆగలేను.

కాసియన్

ఇవాళ: ఉక్క. లీజెలోట్టెకు జలుబు, సాయంత్రానికి తగ్గింది.


ఓబర్‌టాల్, 1954 ఆగస్టు 28

కాసియన్‌కు,

నీ ఉత్తరం అన్నయ్యకు చదివి వినిపించాను. వినిపించకుండా ఉండాల్సింది. చారు తాగుతున్నాడు. లారీ మాట రాగానే చెంచా కింద పెట్టాడు.

“వాడికి లారీ ఉందా?”

“ఉందట.”

“అయితే అదే లారీలో నా బదులు ఇంకొకణ్ణి పంపమను. ఇలాంటి ముక్కే ఉన్నవాణ్ణి. తెర మీద తేడా తెలియదు.”

“అన్నయ్యా, వాడు సినిమా కోసమని...”

“సినిమా అని ఎవరికి తెలుసు? నీకు తెలుసు, వాడికి తెలుసు. మందకి ఎవరు చెప్తారు? కొండకి ఎవరు చెప్తారు? దొరసాని పోయిన నెలకి దాని తోటివాటి నెత్తిన నేను పువ్వులు పెట్టాలా?”

ఇంకా ఎంత కావాలో చెప్పమన్నావే, ఆ వాక్యం నేను చదవలేదు. మధ్యలో దగ్గు వచ్చినట్టు నటించి దాటేశాను. నీ పుణ్యమా అని నేనూ నటినయ్యాను.

బుర్గీ


మ్యూనిక్, 1954 సెప్టెంబరు 2

అక్కకు,

అన్న కోపం ఆవు గురించి కాదని నాకు తెలుసు. పొలం పెద్దవాడిదని నేను ఎన్నడూ కాదనలేదు. చెప్పకుండా వెళ్ళిపోయాననే మాట ఇన్నేళ్ళూ దాచుకున్నాడు. ఇప్పుడు అవసరం నాది కనుక బయటికి తీశాడు. సరే.

అన్నను ఇక ఇబ్బంది పెట్టను. పక్క లోయలో ఒక రైతుతో మాట్లాడాను. వాళ్ళ మంద కిరీటాలతో ఇరవై అయిదున మన దారినే దిగుతుంది. దారి పంచాయతీది, అనుమతి తీసుకున్నాను. కొండ అదే, వెలుతురు అదే. అన్న ఆ రోజు తలుపు వేసుకుని ఇంట్లో ఉండొచ్చు.

కాసియన్

ఇవాళ: గాలి. చెప్పుకోదగ్గది ఏమీ లేదు.


ఓబర్‌టాల్, 1954 సెప్టెంబరు 7

కాసియన్‌కు,

నీ ఉత్తరమూ, మీ డాక్టర్ ప్యూట్స్ తిప్పే అమ్మకాల మనిషి నీమన్ గారూ ఒకే రోజు దిగారు. ఆయన చలికాలం సినిమాలు అమ్మడానికి వచ్చాడు. మాంసపు ఉండల చారు పెట్టి ఎదురుగా కూర్చున్నాను. నువ్వు పంపిన కథ పుస్తకం నా చేతిలోనే ఉంది. జులై నుంచి గోడకు వేలాడుతున్నా నేను చదవనే లేదు. నీ ఉత్తరం చూశాకే తీసి చదివాను.

“నీమన్ గారూ, ఈ కథలో మార్గిట్ తండ్రి ఎప్పుడు పోతాడు?”

“ఆగస్టులోనమ్మా. కొండ మీదే. రుమాళ్ళు తడిసిపోతాయి.”

“మంద ఎప్పుడు దిగుతుంది?”

“సెప్టెంబర్లో! పూలూ, గంటలూ, వాయిద్యాలూ... చూసి తీరాలి.”

పక్క బల్ల దగ్గర కమ్మరి, చర్చి గంట కొట్టే ముసలాయన, పాలబండి తోలే ఫ్లోరిన్ పేకాడుతున్నారు. అటు తిరిగి అడిగాను: “ఏమయ్యా, ఇంటి పెద్ద ఆగస్టులో పోయాడు. మంద ఎలా దిగుతుంది?”

కమ్మరి ముక్కల మీంచి కళ్ళెత్తలేదు. “అదేం ప్రశ్న? గంటల్లో గడ్డితో.”

“పువ్వులు పెట్టి దించితే?”

“ఓహో, అయితే ముసలాణ్ణి అల్లుడే తోసేశాడన్నమాట” అన్నాడు ఫ్లోరిన్.

“ఆస్తి చేతికొచ్చింది కదా, పండగ చేసుకోడూ మరి!” అన్నాడు గంట కొట్టే తాత.

బల్లంతా ఒకటే నవ్వు. నీమన్ గారి చారు చల్లారిపోయింది. “ఇది ఈ ఒక్క ఊరి ముచ్చటా అమ్మా?” అని మెల్లగా అడిగాడు. “సాల్జ్‌బర్గ్ నుంచి ఆల్గాయ్ దాకా పాలు పితికే ఏ ఊళ్ళోనైనా అడగండి” అన్నాను. ఆయన ఇంకా చాలా లోయలు తిరగాలట. అడుగుతానన్నాడు.

చూశావా తమ్ముడూ? మీ కథ రాసినవాడు కొండ ఎరగడు, దర్శకుడు ఓడల మనిషి, ప్యూట్స్ గారు పోస్టరు మనిషి. నువ్వెలా వదిలేశావు?

అన్నయ్య గురించి ఒక మాట. నీ పన్నెండో ఏట నాన్న గడ్డి కోస్తూ కొండ మీదే పోయారు. ఆ ఏడు మంద దిగేముందు గంటల్లో గడ్డి కుక్కింది నువ్వే. దూడ మెడలోని చిన్న గంటలో గడ్డి నిలవకపోతే నీ మేజోడు విప్పి కుక్కావు. అమ్మ ఆ మేజోడు కోసం చలికాలమంతా ఇల్లు వెతికింది. మందకు ముందు నిన్నే నడవమన్నది అన్నయ్య. పెద్దవాడు, నడవాల్సింది తను. “చిన్నాడు నడుస్తాడు, నేను వెనక ఉంటాను” అన్నాడు. ఆ మనిషి పొలం గురించి పగ పెట్టుకున్నాడని రాశావు. ఆ ఉత్తరం నేను చదివి వినిపించలేదు, పొయ్యిలో వేశాను.

అన్నయ్య ఇరవైన దించుతున్నాడు. నీ అద్దె మంద ఇరవై అయిదున పువ్వులతో వస్తే నేను ఆపలేను. ఆ సినిమా మాత్రం నా హాల్లో వేయను, తమ్ముడిదైనా సరే.

నోట్‌బుర్గా


మ్యూనిక్, 1954 సెప్టెంబరు 13

అక్కకు,

ఆ మేజోడు బూడిద రంగుది.

పక్క లోయ రైతుకు వద్దని కబురు పంపాను. కథ నేను చాలాసార్లు చదివాను. ఆగస్టు ఒక పేజీలో ఉంది, సెప్టెంబరు మరో పేజీలో. రెంటి ఖర్చూ వేశాను. రెంటినీ కలిపి చూడలేదు. మన ఊరివాణ్ణి, ఆ పని నాదే.

డాక్టర్ ప్యూట్స్ దగ్గరికి వెళ్ళాను. జరిగింది జరిగినట్టు రాస్తాను.

“ప్రేక్షకుడు టిక్కెట్టు కొనేది పూలకండీ!”

“గంటసేపు ముసలాయన కోసం ఏడిపించి, ఆఖరున పూలు చూపిస్తే, ఏడ్చినందుకు సిగ్గుపడతాడు.”

“పోస్టర్లు అచ్చయిపోయాయి!”

“పోస్టరు మీది. మంద మా అన్నది.”

“ఇది పోతే మీకు రెండో సినిమా ఉండదు, తెలుసా? ఈ ఊళ్ళో ఎవరూ మీ ముఖం చూడరు.”

“తెలుసు” అన్నాను. కుర్చీలోంచి లేవలేదు. ఆయన లేచారు. కిటికీ దాకా వెళ్ళి వచ్చారు. సంతకం చేసిన కాగితాలు చించడానికి ఆయనకూ ధైర్యం చాలలేదు. రేపు చెబుతానన్నారు.

మర్నాటికి నీమన్ గారి ఫోను వచ్చింది. తిరిగిన ప్రతి లోయలోనూ అదే ప్రశ్న అడిగాడట, అందరూ అదే నవ్వు నవ్వారట. ఒక హాలు యజమాని ఈ సినిమా హాస్యమా అని అడిగాడట. మధ్యాహ్నం ప్యూట్స్ గారు, “తీసుకోండి మీ బోసి ఆవుల్ని. కానీ గంటలు మోగకపోతే శబ్దం చెడిందనుకుంటారు జనం” అన్నారు. అనుకోనివ్వండి అన్నాను. ఆఖరి రీలుకు పెట్టిన వాయిద్య బృందాన్ని కూడా మానిపించాను. మరి ఏం వినబడుతుందని ఎగ్‌బెర్ట్ అడిగాడు. గిట్టలు అన్నాను. అది చాలా మంచిదన్నాడు. అతను తెలివైనవాడు, ఎవరో ఒకరు చెప్పాలి, అంతే.

అన్నను అడుగు. ఇరవైన వస్తాం. ఎలా దిగితే అలా తీస్తాం. ఆ మాటకు అర్థం ఇప్పుడు తెలిసింది. లీజెలోట్టెను మందకు ముందు నడవనిస్తాడా? వద్దంటే వెనకే నడుస్తుంది.

కాసియన్

ఇవాళ: నిర్మలంగా ఉంది. కొండలు కనబడుతున్నాయి.


ఓబర్‌టాల్, 1954 సెప్టెంబరు 26

తమ్ముడికి,

వచ్చావు, తీశావు, వెళ్ళావు. ఊళ్ళో ఉన్న రెండు రోజుల్లో నువ్వు మాట్లాడిన మాటలన్నీ ఒక అగ్గిపెట్టెలో పడతాయి. నువ్వు మూడో వంపు దగ్గర ఉన్నావు కనుక మొదటి వంపులో జరిగింది నీకు తెలియదు. చెబుతాను విను.

మీ ఎగ్‌బెర్ట్ గారు పరుగెత్తుకొచ్చి, “గాలుస్ గారూ, ఇంకొక్కసారి పైనుంచి దించుదామా?” అన్నాడు. నీ మాట ఆయన మరిచిపోయినట్టున్నాడు. అన్నయ్య ఆయన బూట్లు చూశాడు, కొండ చూశాడు. “ముందు తమరు ఎక్కండి బాబూ. తమరు పైకి చేరాక అవి ఆలోచిస్తాయి.” ఆయన నవ్వేశాడు. తర్వాత మా సత్రంలో అన్నయ్యకు సారా పోయించాడు కూడా.

ఆ అమ్మాయి మంచిది. బయల్దేరేముందు చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక ఊపుతోంది. అన్నయ్య చూసి చూసి, “చేతులు ఖాళీగా ఉంటే దుఃఖం రాదమ్మాయ్” అని తన కర్ర ఇచ్చాడు. నాన్న కర్ర. ఆ తర్వాత ఆమె నడక నువ్వే చూశావు.

ఇంకొకటి. తెల్లారక ముందే కొట్టంలో నువ్వు గంటల్లో గడ్డి కుక్కుతుంటే పాలకు వెళ్ళి నేను చూశాను. అన్నయ్య కూడా చూశాడు. నీకు చెప్పలేదు కదూ? నాతో మాత్రం అన్నాడు: “పట్నంలో ఉండి చెయ్యి మెత్తబడింది వాడికి. గడ్డి వదులుగా కుక్కాడు. నేను మళ్ళీ కుక్కాను.”

బుర్గీ


మ్యూనిక్, 1955 ఫిబ్రవరి 12

అక్కకు,

నిన్న మొదటి ప్రదర్శన అయింది. పద్ధతి ప్రకారం నటులు తెర ముందుకు వచ్చి వంగి నమస్కరించారు. నన్నూ పిలిచారు. నేను ప్రొజెక్టరు గదిలో ఉన్నాను, మెట్లు దిగేసరికి చప్పట్లు ఆగిపోయాయి. మంచిదే.

ఆఖరి రీలు సంగతి రాయాలి. మంద మొదటి వంపు తిరిగింది. హాల్లో ఎవరో వెనక్కి తిరిగి “శబ్దం! శబ్దం!” అని అరిచారు. ఆపరేటరు నా వైపు చూశాడు. ముట్టుకోకు అన్నాను. రెండో వంపు వచ్చేసరికి ఒక ఆడమనిషి గొంతు, “నోరు మూసుకోండి, గిట్టలు వినబడటం లేదూ?” అంది. తర్వాత ఎవరూ దగ్గలేదు. దీపాలు వెలిగాక కూడా వెంటనే లేవలేదు.

డాక్టర్ ప్యూట్స్ నా చెయ్యి పట్టుకుని, ఆ ముగింపు తాను మొదటి రోజునుంచే చెబుతున్నానని పదిమందిలో అన్నారు. అవునన్నాను. హాళ్ళు నిండుతున్నాయి. రెండో సినిమాకు సంతకం చేశాను. ఈసారి సినిమా పూర్తయ్యాకే పోస్టరు అచ్చు వేయాలన్నది నా షరతు.

నీ హాలుకు కాపీ త్వరగా పంపమని చెప్పాను. చిన్న ఊళ్ళ వంతు ఆఖరునే అంటున్నారు. తిట్టు, పడతాను.

కాసియన్

ఇవాళ: మంచు. పత్రికలు కొన్నాను, రెండింటిలో నా పేరు తప్పు అచ్చువేశారు.


ఓబర్‌టాల్, 1955 ఏప్రిల్ 18

తమ్ముడికి,

తిట్టాల్సినంతా తిట్టుకున్నాను. చివరికి ఈస్టరు వెళ్ళిన మరుసటి ఆదివారం, అంటే నిన్న, వేశాం. కుర్చీలు చాలక వంటింటి బెంచీలు తెచ్చాను. అన్నయ్య వచ్చాడు. ఇన్నేళ్ళుగా హాలు నడుపుతున్నాను, గడప తొక్కడం ఇదే మొదటిసారి. ఆదివారం కోటు వేసుకుని, టోపీ ఒళ్ళో పెట్టుకుని, తలుపు పక్కన కూర్చున్నాడు. నచ్చకపోతే లేచిపోవడానికట.

ముసలాయన పోయినప్పుడు కమ్మరి భార్య వలవలా ఏడ్చింది. ఫ్లోరిన్ మాత్రం, “ఆ కొడవలి పట్టుకోవడం చూడండి, ఆయన ముందే పోవాల్సింది” అన్నాడు. ఆఖర్న మన ఆవులు వంపు తిరిగేసరికి నోళ్ళన్నీ మూతబడ్డాయి. అందరికీ ఒక్కొక్క ఆవు పేరూ తెలుసు కదా. ముందు వరుసలో ఖాళీగా ఉన్న చోటు ఎవరిదో కూడా తెలుసు. నువ్వు దొరసాని చోట ఇంకో ఆవును పెట్టలేదు. ఆ ఖాళీని అలాగే నడిపించావు. అన్నయ్య టోపీ చేతుల్లో తిప్పుతూ చూశాడు.

అంతా వెళ్ళాక బెంచీలు మోయడానికి ఆగాడు. ఉండబట్టలేక అడిగేశాను, ఎలా ఉందని.

“మూడో వంపు దగ్గర చుక్కావు కుంటింది. అది కూడా కత్తిరించలేదు వాడు.”

“కత్తిరించకూడదా?”

“కత్తిరించకూడదు” అన్నాడు. రెండు బెంచీలు మోశాక మళ్ళీ, “ఎలా దిగిందో అలాగే ఉంది” అన్నాడు. ఇక నీకు ఏ పత్రిక ఏం రాస్తే ఏం?

బుర్గీ


ఓబర్‌టాల్, 1955 సెప్టెంబరు 9

తమ్ముడికి అక్క దీవెనలు.

ఈ ఏడు కొండ మీద అందరూ క్షేమం. ఒక్క దూడకు కాలు వాచి తగ్గింది, అంతే. పెట్టె తాళం తీశాం. నిరుటి కాగితం పువ్వులు రంగు పోలేదు. దొరసాని కూతురు ఈసారి ముందు నడుస్తుంది. గర్వం తల్లిదే.

అన్నయ్య ఇప్పుడే వచ్చి వెళ్ళాడు. ఉన్నదున్నట్టు రాయమన్నాడు: “ఈ ఏడు పువ్వులున్నాయి, గంటలున్నాయి. ముందు నడవడానికి మనిషి లేడు. సినిమావాడు ఖాళీగా ఉన్నాడేమో కనుక్కో. జీతం ఇవ్వను.” తలుపు దాకా వెళ్ళి, “కర్ర ఇస్తాను” అన్నాడు.

ఇరవై రెండున.

బుర్గీ


మ్యూనిక్, 1955 సెప్టెంబరు 13

అక్కకు,

రెండో సినిమా పనిలో ఉన్నాను. ఆ మూడు రోజులు ఎగ్‌బెర్ట్ చూసుకుంటాడు. డాక్టర్ ప్యూట్స్ విషయం తెలిసి, పూలతో దిగే మందను ఈసారైనా కెమెరాతో తీసి ఉంచుకుందాం, ఎప్పటికైనా పనికొస్తుంది అన్నారు. వద్దన్నాను. ఎందుకని అడిగారు. ఆ రోజు నాకు వేరే పని ఉంది, నేను ముందు నడవాలి అన్నాను. ఆయనకు అర్థం కాలేదు. అయినా ఇప్పుడు నేను వద్దంటే వద్దే.

ఇరవై ఒకటి సాయంత్రం బండికి వస్తున్నాను. అన్నతో చెప్పు, గంటలన్నీ విప్పి లోపల ఒకసారి చూడమను. నిరుడు కుక్కిన గడ్డి పూర్తిగా వచ్చిందో లేదో. ముఖ్యంగా దూడ మెడలోని చిన్న గంట, నిరుడూ అందులో గడ్డి నిలవలేదు. బూడిద రంగు మేజోడు దొరికితే దాచిపెట్టండి. రెండోది నా దగ్గర ఉంది.

తమ్ముడు కాసియన్

ఇవాళ: ఎండ. బూట్లకు మేకులు కొట్టించాను.